కమాండర్ వైశాలి ఏడో పెళ్లి

ఏమీ లేని చోటికి చూసి భయపడటం అందరికీ వచ్చే విద్య కాదు. పసుపులేటి కౌముదికి అది పుట్టుకతో వచ్చింది. పాలకొల్లు నుంచి పందొమ్మిదేళ్ల వయసులో ఆమె హైదరాబాదు వచ్చినప్పుడు మా డైరెక్టరు, తర్వాత కంప్యూటర్లో బొమ్మలు అతికించే ఒక పచ్చగుడ్డ ముందు నిలబెట్టి, "అమ్మా, అక్కడ ఒక గ్రహం పేలిపోతోంది, చూడు" అన్నాడు. అప్పటికి పదహారు మంది అమ్మాయిలు వచ్చి పచ్చగుడ్డని చూసి వెళ్లారు. కౌముది గ్రహాన్ని చూసింది. ఆ చూపుకి మా లైట్‌మ్యాన్ ఉలిక్కిపడి వెనక్కి తిరిగాడు. కాఫీలు పెట్టే సత్తెమ్మ గుండెల మీద చెయ్యి వేసుకుని, "అయ్యయ్యో, అందులో మనుషులున్నారా ఏమిటి?" అని అడిగింది. ఉద్యోగం అక్కడికక్కడే ఖాయమైంది.

ఆనాటి నుంచి పదిహేనేళ్లపాటు, సోమవారం మొదలు శుక్రవారం దాకా, సాయంత్రం ఏడున్నరకి ఆమె 'ఏడో కక్ష్య' సీరియల్లో కమాండర్ వైశాలి. నేను ఆ సీరియల్‌కి మాటలు రాసేవాణ్ణి. ఆమె నడిపే అంతరిక్ష నౌకని అనకాపల్లి నుంచి వచ్చిన బొడ్డేటి ఈశ్వర్ అనే సెట్ కార్పెంటర్ ప్లైవుడ్‌తో కట్టాడు. కిటికీ అంటే పాత వాషింగ్ మెషీన్ మూత. ఇంజన్ మీటర్లంటే ప్రెషర్ కుక్కర్ వెయిట్లు. వాటి మధ్య, మే నెల ఎండల్లో, వెండిరంగు రెక్సిన్ సూటు తొడుక్కుని ఆవిడ విశ్వాన్ని వారానికి అయిదుసార్లు కాపాడేది.

రేటింగు తగ్గినప్పుడల్లా చానల్ వాళ్లు పెళ్లి పెట్టమనేవారు. నేను పెట్టేవాణ్ణి. అలా కమాండర్ వైశాలికి ఆరు గ్రహాల్లో ఆరు పెళ్లిళ్లయ్యాయి. మొదటి పెళ్లికొడుకు ఒక వాయుమేఘం. రెండోవాడు అద్దంలో నీడ. నాలుగో ఆయన మనిషే గానీ, పెళ్లయిన వారానికి వేరే చానల్లో డాక్టరు వేషం దొరికి వెళ్లిపోయాడు. అందుకని ఆయన్ని కృష్ణబిలంలో పడేయాల్సి వచ్చింది.

ఇలా హాయిగా సాగిపోతుండగా, మూడువేల ఆరువందల రెండో ఎపిసోడ్‌లో నేనొక పొరపాటు చేశాను. కమాండర్ వైశాలి సూటిగా కెమెరాలోకి చూసి, "భూమి మీద ఇంక నాలుగు రోజులకి సరిపడా గాలి మాత్రమే మిగిలింది. పొదుపుగా పీల్చుకోండి" అంటుంది. నేను రాసింది అంతే. అయితే అన్నది కౌముది.

మర్నాడు పొద్దున్నే ఒక ఊళ్లో కాలనీ సంక్షేమ సంఘం అత్యవసరంగా సమావేశమై, సరి నంబరు ఇళ్లవాళ్లు ఉదయం, బేసి నంబరు ఇళ్లవాళ్లు సాయంత్రం మాత్రమే వాకింగుకి వెళ్లాలని తీర్మానించింది. అక్కడి యోగా మాస్టారు ప్రాణాయామం క్లాసుని నిరవధికంగా వాయిదా వేశాడు. గాలి అయిపోతున్న సంగతి మున్సిపాలిటీకి ముందుగా ఎందుకు తెలియజేయలేదని వార్డు కౌన్సిలరు పైకి ఫిర్యాదు రాశాడు. ఫిర్యాదు పైకి వెళ్లింది. పైనుంచి ఒక కొత్త కార్యాలయం కిందికి దిగింది.

దాని పేరు వాస్తవ స్పష్టీకరణ సంచాలక కార్యాలయం. సంయుక్త సంచాలకులు పోచిరాజు సూర్యప్రసాదం గారు కుర్చీకి వేసుకునే తువ్వాలు, స్టీలు నీళ్లసీసా సొంతంగా తెచ్చుకుని మా సెట్‌కి వచ్చారు. ఆయన ఇంట్లో ఎలా మాట్లాడేవారో నాకప్పటికి తెలీదు. బయట మాత్రం ఉత్తర్వులాగే మాట్లాడేవారు. మజ్జిగ తాగుతారా అని సత్తెమ్మ అడిగితే, "సమ్మతమే. ఉప్పు మాత్రము పరిమితికి లోబడి యుండవలెను" అన్నారు.

తర్వాత ఉత్తర్వు చదివి వినిపించారు. "దృశ్య మాధ్యమమందు శాస్త్రరీత్యా నిరూపితము కాని ఏ అంశము చూపబడినను, సదరు అంశము కల్పితమని తెలుపు పట్టీని తెర అడుగుభాగమున విధిగా ప్రదర్శింపవలెను."

ఇందులో మాకేమీ అన్యాయం కనిపించలేదు. మొదటి రోజు 'ఈ దృశ్యంలోని అంతరిక్ష నౌక కల్పితం' అని ఒక వరస వేశాం. రెండో రోజు ఆయనకి సందేహం వచ్చింది.

"నౌక కల్పితమైనచో, నౌక తలుపు?"

"అదీ కల్పితమేనండి" అన్నాడు డైరెక్టరు.

"తలుపు గొళ్లెము?"

గొళ్లెం నిజంది. ఈశ్వర్ చిక్కడపల్లిలో కొనుక్కొచ్చాడు. కాబట్టి 'గొళ్లెం మినహా నౌక కల్పితం' అయింది. ఆ పూట కమాండర్ వైశాలి టీ తాగుతూ ఆలోచిస్తుంది. టీ నిజమా కాదా అని వాదన వచ్చింది. సూర్యప్రసాదం గారు ఒక కప్పు తాగి చూసి వాస్తవమని ధ్రువీకరించారు. ఆలోచన మాత్రం నాది కనక కల్పితమన్నారు. పట్టీ మూడు వరసలైంది.

వారం తిరక్కుండా కన్నీళ్ల ఘట్టం వచ్చింది. కౌముది గొప్పగా ఏడ్చింది. కట్ చెప్పగానే సూర్యప్రసాదం గారు కళ్లద్దాలు సర్దుకుని ముందుకొచ్చారు.

"అమ్మా, సదరు కన్నీరు గ్లిజరిన్ వలన కలిగినదా, స్వతహాగానా?"

"స్వతహాగానేనండి."

"కారణము?"

"ఈ బూటు కరిచేత్తందండి."

ఆయన కాసేపు ఆలోచించి రాసుకున్నారు. "కన్నీరు వాస్తవము. దుఃఖము కల్పితము."

మర్నాడు ఆ బూటులో ఎవరో మెత్తటి స్పాంజి ముక్క కోసి పెట్టారు. ఎవరు పెట్టారని కౌముది అడగలేదు. స్పేస్‌షిప్ మీటర్లు అతికిస్తున్న ఈశ్వర్ కూడా తల పైకెత్తలేదు. ఇది కథలో తర్వాత పనికొస్తుంది.

పట్టీ నెలకో జానెడు చొప్పున పెరిగింది. మొదట నౌకని, తర్వాత గ్రహాల్ని, ఆపైన సూటునీ, మెడనీ, గడ్డాన్నీ దాటుకుంటూ ముక్కు మీదికొచ్చింది. చివరికి తెర మీద ఆమె కళ్లు, వాటి కింద ముప్ఫై నాలుగు వరసల వివరణ మిగిలాయి. సీరియల్ ఆగిపోతుందని నేను ఆశపడ్డాను. రేటింగు రెట్టింపైంది. ఆ కళ్లలో గ్రహాలు పేలడం మునుపటికన్నా బాగా కనిపిస్తోందని ప్రేక్షకులు ఉత్తరాలు రాశారు.

అందులో ఒక ఉత్తరం మా కొంప ముంచింది. ఒక పెద్దమనిషి, "కమాండర్ వైశాలి గారిని నిన్న మోండా మార్కెట్లో వంకాయలు ఏరుతుండగా చూశాను. ఆవిడ ఇక్కడుంటే అక్కడ నౌకని ఎవరు చూసుకుంటున్నారు?" అని నేరుగా సూర్యప్రసాదం గారికే రాశాడు. ఆయన దాన్ని తేలిగ్గా తీసుకునే మనిషి కాదు. నాలుగు రోజుల్లో సవరణ ఉత్తర్వు వచ్చింది. "సదరు నటి ఎచ్చట కనిపించినను దానిని దృశ్యముగానే పరిగణింపవలెను."

బజారుకి తెర ఉండదు కనక పట్టీని గుడ్డ మీద రాయించారు. ఆరు గజాల తెల్లగుడ్డ మీద ఎర్ర అక్షరాలతో 'ఇచ్చట కనిపించునది కల్పితం'. దాన్ని చెరో కొసా పట్టుకుని ఆమె ముందు నడవడానికి యాదగిరి, లింగయ్య అనే ఇద్దరు అటెండర్లని నియమించారు. ఇద్దరూ మంచివాళ్లే. ఆదివారం మాత్రం రారు. ఆదివారం ఆమె ఇంట్లోంచి బయటికి రాకూడదు.

కౌముది మొదట్లో నవ్వేసింది. "ఆయ్, మహారాణులకి కూడా ఇద్దరేనండి ముందు నడిచేది" అంది నాతో. కూరగాయలమ్మే మల్లమ్మకి మాత్రం నవ్వు రాలేదు. "బిడ్డా, ఆ బట్ట జర పక్కకి పెట్టిపియ్యరాదూ. నా వంకాయలు ఉత్తయే అనుకుంటున్రు జనం" అని బతిమాలింది. ఒక చీరల కొట్టు ప్రారంభానికి పిలిస్తే గుడ్డ సరిగ్గా 'అన్నిటి మీదా సగం తగ్గింపు' అన్న బోర్డు కిందికి వచ్చింది. ఊరి చివర ఒక ప్లాట్ల వెంచర్‌కి రిబ్బను కత్తిరించబోతే, గుడ్డ మీది రాత చదివి కొనడానికి వచ్చినవాళ్లంతా బస్సెక్కి వెళ్లిపోయారు. తర్వాత కొలిపిస్తే అక్కడ నిజంగానే ప్లాట్లు లేవని తేలింది. ఆ ఉత్తర్వు వల్ల జరిగిన మేలు ఇదొక్కటే కనక దాచకుండా చెబుతున్నాను. పిలిచేవాళ్లు మాత్రం ఆ తర్వాత తగ్గిపోయారు.

ఒకరోజు భోజనాల విరామంలో కౌముది వెండిసూటు మీదే వచ్చి నా పక్కన కూర్చుంది.

"రైటర్‌గారండీ, నేను పెళ్లి చేసుకుంటున్నానండి."

"ఏ గ్రహంలో?" అన్నాను అలవాటుకొద్దీ.

"అల్వాల్లో అండి. ఈశ్వర్‌గారిని."

నేను నోట్లో పెట్టుకున్న ముద్ద మింగడానికి కాస్త టైం పట్టింది. ఆమె తన బూట్ల వైపు చూసుకుంటూ మాట్లాడింది. "మీరు నాకు ఆరు పెళ్లిళ్లు చేసేరండి. ఒక్కటీ నిల్లేదు. మిమ్మల్ననడం లేదండి, కథ అలాంటిది. ఇదొక్కటీ గవర్నమెంటు కాగితం మీద ఉండాలండి. స్టాంపు ఏసి, ఈయన నా మొగుడు అని రాసి ఉండాల. రేపు ఎవరూ ఇది కూడా సీరియలే అనకూడదు."

నాకు చాలా సిగ్గేసింది. మొదటి పెళ్లికొడుకుగా వాయుమేఘాన్ని ఇచ్చింది నేనే కదా. కాగితం సంగతి నేను చూస్తానని మాటిచ్చి, మర్నాడు రిజిస్ట్రారు ఆఫీసుకి వెళ్లాను.

రిజిస్ట్రారు భ్రమరాంబ గారు నెమ్మదైన మనిషి. నేను చెప్పిందంతా విని, "పెళ్లి ఫోటో జత చెయ్యాలి కదండీ. ఫోటోలో పట్టీ ఉంటుంది" అన్నారు.

"ఉంటుంది. తీసేస్తే నేరం."

"అదే మరి. ఇక్కడ కనిపించేది కల్పితమని ఒక శాఖ రాసి పట్టుకుంటే, కాదు నిజమని ఇంకో శాఖ ఎలా స్టాంపు వేస్తుంది? ఆ శాఖ వాళ్ల చేతే నిజమని రాయించుకు రండి, అయిదు నిమిషాల్లో ఇచ్చేస్తాను."

సూర్యప్రసాదం గారు నన్ను చూసి ఎంతో సంతోషించారు. ఇలాంటి అవసరం ఎప్పటికైనా వస్తుందని ముందే ఊహించి ఆయన ఒక ఫారం తయారు చేసి పెట్టుకున్నారట. నిజ నిర్ధారణ పత్రము, నమూనా పదిహేడు. ఇరవై ఒక్క గడులు. వివాహంలోని ప్రతి అంశాన్నీ అధికారి స్వయంగా చూసి 'వాస్తవము' అని రాయాలి. ఇరవై ఒకటీ వాస్తవమైతే మనిషి కూడా వాస్తవమే, గుడ్డ తీసేయవచ్చు. ఒక్క గడి తేడా వచ్చినా అది పాక్షిక కల్పిత వివాహం. పాక్షిక కల్పితాలకి రిజిస్ట్రేషన్ లేదు.

"భోజనములు కలవా?" అన్నారు చివర్న.

"ఉన్నాయండి. గోదావరి వంటవాళ్లు."

"అయినచో కుటుంబసమేతముగా పరిశీలించెదము."

వైశాఖ మాసం, గురువారం, ఉదయం పది నలభై రెండుకి ముహూర్తం. అల్వాల్లో చిన్న ఫంక్షన్ హాలు. పీటల ముందు యాదగిరీ లింగయ్యా గుడ్డ పట్టుకుని నిలబడ్డారు. పెళ్లి కనక గుడ్డ అంచులకి పసుపు రాశారు. మొదటి వరసలో సూర్యప్రసాదం గారు ఫారం అట్ట మీద పెట్టుకుని, పక్కన భార్య మాణిక్యాంబ గారితో కూర్చున్నారు.

ఆయన పని చాలా శ్రద్ధగా చేశారని ఒప్పుకోవాలి. వరుణ్ణి భుజం మీద తట్టి చూసి వాస్తవమన్నారు. జీలకర్ర బెల్లం వాసన చూసి, 'వాస్తవము. బెల్లము కొంచెము అధికము' అని రాశారు. తలంబ్రాలు వచ్చి ఆయన కళ్లద్దాల మీద పడితే 'స్వయముగా రుజువైనది' అన్నారు. ఏడడుగుల దగ్గర ఈశ్వర్ కంగారులో ఏడోది పొట్టిగా వేశాడు. అది ఆరున్నర కిందికే వస్తుందని మళ్లీ మొదటి నుంచీ నడిపించారు. పద్దెనిమిది గడులు నిండాయి. కౌముది మొహంలో వెలుగు చూసి నేను ఊపిరి పీల్చుకున్నాను.

పంతొమ్మిదో గడి అరుంధతీ దర్శనం.

పురోహితులు శొంఠి యజ్ఞనారాయణ గారు వధూవరుల్ని గుమ్మం బయటికి తీసుకెళ్లి, వేలు పైకెత్తి, "అదిగో అరుంధతి. కనిపించిందని చెప్పండి" అన్నారు. పన్నెండూ పది. నెత్తిన సూర్యుడు మండిపోతున్నాడు. నూట యాభై మంది చుట్టాలు తలలెత్తి, కళ్లు చికిలించి, "ఆఁ, కనిపించింది, కనిపించింది" అన్నారు ఎప్పట్లాగే. సూర్యప్రసాదం గారు పెన్ను మూత పెట్టేశారు.

"ఆగుడు. మధ్యాహ్న సమయమున నక్షత్రము గోచరించుట శాస్త్రవిరుద్ధము."

యజ్ఞనారాయణ గారు బిత్తరపోయారు. "నలభై ఏళ్లుగా చూపిస్తున్నానండీ. కనపడలేదన్నవాళ్లు ఇంతవరకూ లేరు."

"ఆ గడి వదిలేద్దామండీ" అన్నాను నేను.

"ఖాళీ గడి చెల్లదు."

"పోనీ, చీకటి పడ్డాక చూద్దాం."

"సాయంత్రము ఈ ఆవరణ అన్యుల వివాహమునకు కేటాయింపబడియున్నది. నేను విచారించితిని." ఆయన గొంతులో నిజంగానే బాధ ఉంది. "అమ్మా, అన్యథా భావింపవద్దు. పద్దెనిమిది అంశములు నిర్దుష్టముగా ఉన్నవి. కానీ చూడనిది చూచినట్లు నేను వ్రాయజాలను. ఇది పాక్షిక కల్పితము."

కౌముది ఈశ్వర్ చెయ్యి గట్టిగా పట్టుకుంది. ఈశ్వర్, "పోన్లే కౌముదీ. కాయితం లేకపోతే ఏటౌతాది, నానున్నాను కదా" అన్నాడు మెల్లగా. ఆమె తల అడ్డంగా ఊపింది. కళ్లలో నీళ్లు తిరిగాయి. ఈసారి బూటు లేదు.

అప్పుడు మాణిక్యాంబ గారు లేచి వచ్చారు.

"ఏవండీ, మన పెళ్లి ముహూర్తం ఎన్నింటికి?"

"పదకొండుంబావుకు" అన్నారు సూర్యప్రసాదం గారు.

"పగలా, రాత్రా?"

"పగలే."

"అరుంధతిని చూపిస్తే మీరేమన్నారు?"

ఆయన చుట్టూ చూశారు. నూట యాభై మందీ ఆయన్నే చూస్తున్నారు. "కనిపించినదని అంటిని. అయితే అది ఈ నియమావళి అమలులోనికి రాక పూర్వపు సంగతి."

"అంటే మీకు కనపడలేదన్నమాట. ముప్ఫయ్యొక్క ఏళ్లు కాపరం చేశాక ఇప్పుడు చెబుతున్నారు. నాకు కనపడింది." ఆవిడ గొంతు ఏమీ పెంచలేదు. "యాదగిరీ, ఆ గుడ్డ ఇలా తీసుకురా నాయనా. మా ఇద్దరి ముందూ పట్టుకో. మాదీ పాక్షికమేనట."

యాదగిరి ఆఫీసరు వంకా, ఆఫీసరు భార్య వంకా చూసి, ఎవరి మాట వినాలో వెంటనే తెలుసుకుని గుడ్డతో బయల్దేరాడు. లింగయ్య రెండో కొస పట్టుకుని వెనకాలే వెళ్లాడు. 'ఇచ్చట కనిపించునది కల్పితం' అన్న ఎర్ర అక్షరాల వెనక సూర్యప్రసాదం దంపతులు నిలబడ్డారు. ఆయన అలా నిలబడి తన రాతని తనే తిరగబడ్డ అక్షరాల్లో చదువుకున్నారు. ఆ క్షణంలో నాకు ఆయన మీద జాలి కలిగింది.

కౌముదికీ కలిగినట్టుంది. కళ్లు తుడుచుకుని, ఆయన దగ్గరికి వెళ్లి, "సార్, ఒక్కసారి ఇలా రండి. నేనింకా చూళ్లేదండి. మనం కలిసి చూద్దారి" అంది. పురోహితుల్ని ఎటు చూడాలో అడిగింది. పందిరి అంచున వేలాడే కొబ్బరాకు కొసకి కాస్త పైన అన్నారాయన.

ఆమె చూసింది.

పదిహేనేళ్లు ఆ చూపుకి నేను మాటలు రాశాను. గ్రహాలు పేలుతుంటే చూసింది, నక్షత్రాలు పుడుతుంటే చూసింది, అన్నీ పచ్చగుడ్డ మీదే. ఇప్పుడు ముందు గుడ్డ లేదు, కెమెరా లేదు, నేను రాసిన మాట ఒక్కటీ లేదు. ముందు వెతికింది. ఒకచోట చూపు నిలిచింది. మొహమంతా మెల్లగా విచ్చుకుని, దూరంగా తెలిసిన మనిషి కనపడితే నవ్వినట్టు నవ్వింది. నేను తలెత్తాను. ఒట్టేసి చెబుతున్నాను, నాకూ కనిపించింది. సత్తెమ్మ దణ్ణం పెట్టింది. యజ్ఞనారాయణ గారు, నలభై ఏళ్లలో మొదటిసారి అనుకుంటా, తను చూపించిన చోటికి తనే నోరు తెరుచుకుని చూశారు. యాదగిరి గుడ్డ కొస వదిలేసి, చెయ్యి కళ్లకి అడ్డం పెట్టుకుని, "గదే గద సార్! తెల్లగ, జరంత!" అని అరిచాడు.

సూర్యప్రసాదం గారు కౌముది మొహం వంక చూశారు. తర్వాత ఆమె చూస్తున్న వైపుకి చూశారు. కళ్లద్దాలు తీసి తుడుచుకుని మళ్లీ పెట్టుకున్నారు. మాణిక్యాంబ గారు పక్కకొచ్చి ఆయన మోచెయ్యి పట్టుకున్నారు. చాలాసేపటికి ఆయన, ఉత్తర్వు భాష మరిచిపోయి, "ఉందే మాణిక్యం" అన్నారు.

పెన్ను మూత తీసి ఆయన రాసింది ఇప్పటికీ ఆ ఫైల్లో ఉంది. 'అరుంధతి: ఒకటి. స్వయముగా పరిశీలించితిని. మినుకుమినుకుమనుచున్నది.'

మిగిలిన రెండు గడులూ నిండటం ఎంతసేపు. లింగయ్య గుడ్డని అక్కడే మడిచి చంకలో పెట్టుకున్నాడు. భ్రమరాంబ గారు అన్నట్టుగానే మర్నాడు అయిదు నిమిషాల్లో స్టాంపు వేసి ఇచ్చారు. ఆ కాగితాన్ని కౌముది ఇంట్లో కాకుండా తన అంతరిక్ష నౌకలో, వాషింగ్ మెషీన్ కిటికీ పక్కన, ఫ్రేము కట్టించి పెట్టుకుంది. ఇప్పుడు ఆ నౌకలో గొళ్లెమే కాక అది కూడా నిజమైనదే.

ఆ మధ్యాహ్నం భోజనాల దగ్గర, వధూవరులు వరసల వెంట నడుస్తూ అందర్నీ పలకరిస్తుంటే, సూర్యప్రసాదం గారు సగం తిన్న బూరె చేత్తో పట్టుకుని కౌముదిని దగ్గరికి పిలిచారు. ఎవరూ వినకుండా గొంతు తగ్గించి, "అమ్మా, ఒక సందేహము. దాని సరసనే మరియొకటి కూడా గోచరించినది. కొంచెము పెద్దది" అన్నారు.

"ఆయన వసిష్ఠుడండి. అరుంధతిగారి భర్త."

"ఆయనను కూడా నమోదు చేయమందురా?"

"వద్దులెండి సార్" అంది కౌముది, ఆయన విస్తట్లో ఇంకో బూరె వేయిస్తూ. "ఆళ్ల పెళ్లికి కూడా ఫారం అడుగుతారు."